‘మూడు పిల్లలు’ అన్న చిలక

రేపల్లెలో ఒక ఉన్నత పాఠశాలలో తెలుగు పండితుడిగా పనిచేస్తున్న నన్ను, తెనాలిలో జరిగే కంప్యూటర్ ఆటల రికార్డింగుకు భాషా పరిశీలకుడిగా డిప్యుటేషన్ మీద పంపుతున్నట్టు ఉత్తర్వు వచ్చింది. బడులకు కంప్యూటర్లు కొత్తగా దిగుతున్న రోజులవి. రెండువేల సంవత్సరం దాటి రెండు మూడేళ్ళయి ఉంటుంది, జూన్ నెల. సరిగ్గా తేదీ చెబుదామని మొన్న ట్రంకుపెట్టె తీసి చూస్తే, ఉత్తర్వు కాగితంలో తేదీ ఉన్న మూలనే చెదలు తినేశాయి. సంతకం ఉన్న మూలను మాత్రం పదిలంగా వదిలేశాయి. ఈ వ్యవహారంలో చిక్కంతా సంతకంతోనే వచ్చింది కాబట్టి చెదలకు కూడా నా మీద ఏదో కసి ఉన్నట్టుంది.

డిప్యుటేషన్ అంటే హాజరుపట్టీలో పేరు పాత చోట, చాకిరీ కొత్త చోట. హైదరాబాదులోని ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీ ఒకటి, రెండు తరగతుల పిల్లల కోసం సీడీ మీద ఆటలు తయారుచేస్తోంది. తెర మీద ఒక చిలక కనిపించి బొమ్మలు చూపిస్తుంది, ప్రశ్నలడుగుతుంది. పిల్లలు మౌసు నొక్కి జవాబివ్వాలి. ఆట మొత్తం ముందు ఇంగ్లీషులో తయారైంది. మాటలు మాత్రం తర్వాత తెలుగు చేశారు. ఆ తెలుగును పంక్తి పంక్తీ చూసి, పేజీ అడుగున ‘పరిశీలించాను, భాషాదోషాలు లేవు’ అని రాసి సంతకం పెట్టడం నా పని. నా సంతకం లేని పేజీని రికార్డు చేయకూడదు. ఆ అధికారం నాకు బాగా నచ్చింది. దాచుకోవడం దేనికి.

రోజూ పొద్దున రేపల్లెలో ప్యాసింజరు ఎక్కి తెనాలిలో దిగేవాణ్ణి. స్టూడియో అనే పేరే గాని, అది మైకు సెట్లు అద్దెకిచ్చే దుకాణం మీద ఒక గది. గోడల నిండా కోడిగుడ్ల అట్టలు అతికించి ఉండేవి, బయటి చప్పుడు లోపలికి రాకుండా. యజమాని, రికార్డిస్టు ఒకడే, బాబూరావు. అంతకు ముందు అతను హరికథల క్యాసెట్లు, ఆటో మైకుల ప్రచారాలు రికార్డు చేసేవాడు. మైకు తెరిచినప్పుడు ఫ్యాను ఆపాలి. జూన్ నెలలో, తెనాలిలో, తలుపులు మూసిన గదిలో ఫ్యాను ఆపుకుని కూర్చోవడమంటే ఏమిటో కూర్చున్నవాళ్ళకే తెలుస్తుంది. రెండోరోజుకే నేను కండువా తడిపి మెడకు చుట్టుకోవడం మొదలుపెట్టాను.

చిలకకు గొంతు ఇచ్చింది రాజ్యం గారు. పూర్తి పేరు రాజ్యలక్ష్మి, ఊరు కొలకలూరు, వయసు యాభై దాటింది. ముప్పై ఏళ్ళు పరిషత్తు నాటకాలాడిన మనిషి. ఆమె ముఖం తెనాలిలో చాలామందికి తెలియదు, గొంతు మాత్రం తెలియనివాళ్ళు లేరు. ఆషాఢం తగ్గింపు ధరల గురించి వీధివీధికీ తిరిగే ఆటో మైకులో పలికేది ఆమే. ఈ పనికి అందం, అభినయం అక్కర్లేదు. పొద్దున పది గంటలకు ఉన్న గొంతు సాయంత్రం నాలుగింటికి కూడా అలాగే ఉండాలి. అది ఆమెకు ఉంది.

ఆటల్లో మాటలు రికార్డు చేసే పద్ధతి నాటకంలా ఉండదని అక్కడే తెలిసింది. వాక్యాలన్నీ పూర్తిగా చదివిస్తే సీడీలో చోటు చాలదు. అందుకని మాటలను ముక్కలుగా చదివిస్తారు. ఒక జాబితాలో అంకెలు: ఒకటి, రెండు, మూడు, ఇరవై దాకా. ఇంకో జాబితాలో పేర్లు: పువ్వులు, కోడిపిల్లలు, అరటిపళ్ళు, పిల్లలు. ఒక్కో మాటా ఒక్కో ఫైలు. బిడ్డ ఆడుతున్నప్పుడు కంప్యూటరు ‘మూడు’ను ఒకచోట నుంచి, ‘పువ్వులు’ను ఇంకోచోట నుంచి తెచ్చి కలిపి వినిపిస్తుంది. అలా కలవాలంటే ప్రతి ముక్కా ఒకే ఎత్తులో, రాగం తీయకుండా పలకాలి. ముందూ వెనకా అర క్షణం మౌనం ఉండాలి.

ఆ అర క్షణమే మా ప్రాణాలు తీసింది. రాజ్యం గారు అంకె పలకగానే అలవాటు కొద్దీ ‘అయిందండి’ అనేవారు. ‘పదిహేడు అయిందండి.’ బాబూరావు తల పట్టుకుని మళ్ళీ చదవమనేవాడు. ‘సరేనండి’ అని ఆమె మళ్ళీ ‘పదిహేడు’ అనేవారు. ఈసారి ఆ ‘సరేనండి’ తోక ముందు వచ్చి తగులుకునేది. ఇది చాలదన్నట్టు, పది నుంచి పంతొమ్మిది దాకా మన అంకెలన్నీ ‘ప’తోనే మొదలవుతాయని మైకు ముందు కూర్చుంటేగాని నాకు స్ఫురించలేదు. ‘ప’ అన్నప్పుడల్లా పెదవుల గాలి మైకుకు కొట్టుకుని టపాకాయ పేలినట్టు మోగేది. చివరికి రాజ్యం గారే ఇంటి నుంచి ఎంబ్రాయిడరీ చట్రం తెచ్చి, దానికి పల్చటి పాత గుడ్డ బిగించి మైకు ముందు పెట్టించారు. పది అంకెలకు ఒక పూట పట్టింది.

అంకెల జాబితా ముగిసే వేళ ఆమె చదవడం ఆపి నన్నొక ప్రశ్న అడిగారు.

“మాస్టారూ, ఈ అంకెలు దేన్ని లెక్కపెట్టడానికండి? వస్తువులకా, మనుషులకా?”

అప్పటికి ఫ్యాను ఆపి నలభై నిమిషాలైంది. మధ్యలో ఒకసారి కరెంటు పోయి వచ్చింది. మళ్ళీ పోయేలోపు జాబితా ముగించాలని నా ఆత్రం.

“అంకెలమ్మా, అంకెలు. లెక్కలకి. కాగితం మీద ఏముంటే అది చదవండి” అన్నాను.

ఆమె చదివారు. ఇరవై అయ్యాక బాబూరావును రికార్డింగు ఆపవద్దని సైగ చేసి, ఎవరూ అడగకుండానే, అదే ఎత్తులో, అదే మౌనం వదులుతూ, ఒకరు, ఇద్దరు, ముగ్గురు, నలుగురు అంటూ పదిమంది దాకా చదువుకుపోయారు. నాకు చిర్రెత్తుకొచ్చింది. జాబితాలో లేని మాట చదవడం నిబంధనలకు విరుద్ధం, నా సంతకం లేని మాట ఆ గదిలో వినబడటం నాకు అవమానం. సరే, అంతటితో నోరు మూసుకున్నానా అంటే అదీ లేదు. ‘ఎనిమిదిమంది’ అని ఆమె అన్నచోట పట్టుకుని, అలా అనకూడదు, ‘ఎనమండుగురు’ అనాలి, అన్నాను. పిల్లలు ఎనిమిదిమంది అనే అంటారు కదండీ అని ఆమె. పిల్లలు అనేది కాదు, గ్రంథాల్లో ఉన్నది ముఖ్యమని నేను. పావుగంట వాదన అయ్యాక, మీ తృప్తి కోసం అదీ అంటానండి అని ఆమె ‘ఎనమండుగురు’ కూడా విడిగా పలికి, చట్రం తీసి సంచిలో పెట్టుకుని లేచారు.

ఆ మాటలను తుడిచేయమని బాబూరావుకు చెప్పాను. పేజీ అడుగున భాషాదోషాలు లేవని రాసి సంతకం పెట్టాను. నిజానికి ఆ పేజీలో లేవు కూడా. ‘మూడు’ తప్పు కాదు. ఇంకో పేజీలో ఉన్న ‘పిల్లలు’ తప్పు కాదు. రెండింటి మీదా నా సంతకం ఉంది.

ఆగస్టులో ఆట ప్రయోగానికి వచ్చింది. అంటే, సీడీలు అన్ని బడులకూ పంచే ముందు ఒక బడిలో పిల్లలతో ఆడించి చూస్తారు. రేపల్లెలోనే ఒక ప్రాథమిక పాఠశాలను ఎంచుకున్నారు. కంపెనీ తరఫున కిరణ్ అనే సమన్వయకర్త వచ్చాడు. ముప్పై ఏళ్ళుంటాయి, మర్యాదస్తుడు, ప్రతి మాటకూ ‘సార్’ అంటాడు. ఆట ఎలా వచ్చిందో ఒక్కసారి చూస్తానని రాజ్యం గారు అడిగారు. ప్రయోగానికి బయటివాళ్ళు రాకూడదని నియమం ఉందన్నాను. గొంతే ఆమెదైతే ఆమె బయటి మనిషి ఎలా అవుతుందండీ అని బాబూరావు అడిగాడు. సరే రమ్మన్నాను. కొలకలూరు నుంచి తెనాలి వచ్చి, మా ప్యాసింజరే పట్టుకుని వచ్చారు.

రెండో తరగతి పిల్లలను వరసగా కూర్చోబెట్టారు. మొదట ఆడింది ఝాన్సీ అనే పిల్ల. అది వినే ఆట. తెర మీద బొమ్మ, దాని కింద మూడు చిన్న చిలకలు. ఒక్కో చిలకను నొక్కితే ఒక్కో జవాబు చెబుతుంది. సరైనదని తోచిన చిలకను రెండోసారి నొక్కాలి. పక్కన ఇసుక గడియారం జారుతూ ఉంటుంది. పువ్వులు, కోడిపిల్లలు వచ్చినప్పుడు ఝాన్సీ చకచకా నొక్కేసింది. తర్వాత ఉయ్యాల ఊగుతున్న పిల్లల బొమ్మ వచ్చింది.

‘బొమ్మలో ఎంతమంది పిల్లలు ఉన్నారు?’ అని చిలక అడిగింది. ఈ వాక్యం ముక్కలు కాదు, పూర్తిగా రికార్డు చేసిందే. ఝాన్సీ మొదటి చిలకను నొక్కింది. ‘రెండు పిల్లలు’ అన్నది. రెండోది ‘మూడు పిల్లలు’. మూడోది ‘నాలుగు పిల్లలు’. ఆ పిల్ల మళ్ళీ మొదటి నుంచి మూడూ నొక్కి విన్నది. తర్వాత వెనక్కి తిరిగి నా వైపు చూసింది.

“ఇందులో ముగ్గురు అని లేదండి” అంది.

ఇసుక అయిపోయింది. ‘తప్పు. సరైన జవాబు, మూడు పిల్లలు’ అన్నది చిలక, రాజ్యం గారి గొంతుతో, నేను కోరుకున్నట్టే రాగం లేకుండా. క్లాసంతా నవ్వింది. కిరణ్ పుస్తకంలో ఏదో రాసుకున్నాడు. ఆ పిల్ల ఏ తప్పూ చేయలేదని ఆ గదిలో నాకు తెలుసు, వాకిట్లో నిలబడ్డ రాజ్యం గారికి తెలుసు. ఝాన్సీకే తెలియలేదు. సిగ్గుతో ఒళ్ళంతా చెమట పట్టింది. ఆ గదిలో ఫ్యాను తిరుగుతూనే ఉంది.

అక్కడితో అయిపోతే బాగుండేది. తర్వాత ఆడిన పిల్లలు తెలివైనవాళ్ళు. చిలకకు ఏం కావాలో పట్టేసి, ‘ఐదు పిల్లలు’, ‘నాలుగు పిల్లలు’ అంటూ నొక్కుకుపోయారు. చిలక ప్రతివాడినీ ‘శభాష్’ అన్నది. పీరియడు చివర ఝాన్సీకి మళ్ళీ వంతు వచ్చింది. ఈసారి తడుముకోలేదు. ఆట ఆపించి, గోడ దగ్గర నిలబడ్డ టీచర్లను చూపించి, అక్కడ ఎంతమంది ఉన్నారమ్మా అని అడిగాను.

“మూడండి” అంది.

రాజ్యం గారు బయట పంపు దగ్గర నిలబడి ఉన్నారు. నేను ఏదో సర్దిచెప్పబోయాను. ఇంగ్లీషు వాళ్ళ పద్ధతి, కంప్యూటరు మాటలు కలిపే తీరు, నాకూ ముందు తెలియలేదు, ఇలాంటివి. ఆమె అంతా విన్నారు.

“మూడు పిల్లలు అని నా జన్మలో అనలేదండి. మీరు విన్నారు కదా, అనలేదు. అయినా ఇప్పుడు నేనే అంటున్నాను, ఊరూరా. దాన్ని దిద్దించండి, లేకపోతే నా గొంతు తీసేయించండి మాస్టారూ.”

కోప్పడితే నయంగా ఉండేది. పక్కవాళ్ళకు వినపడనంత నెమ్మదిగా అన్నారు.

కిరణ్‌ను పట్టుకున్నాను. మనుషులకు ఒక లెక్క, వస్తువులకు ఒక లెక్క ఉంటుందని అతనికి తెలియదా అంటే, తెలుసు. అతనూ ఇంట్లో ముగ్గురం అన్నదమ్ములం అనే చెబుతాడు. కానీ ఆట తయారుచేసినప్పుడు తట్టలేదట. “ఇంగ్లీషులో ఈ సమస్య రాలేదు సార్” అన్నాడు. ఒళ్ళు మండింది. మరి తెలుగులో వస్తుందేమో చూడవద్దా అన్నాను. అతను సంచిలోంచి నా జాబితాలు తీసి, ఎంతో మర్యాదగా, పేజీల అడుగున ఉన్న నా సంతకాలు చూపించాడు.

ఆట మార్చడానికి రెండు దారులున్నాయని అతనే చెప్పాడు. ఒకటి సాంకేతిక మార్పు. దానికి కాగితం హైదరాబాదు వెళ్ళాలి, వంతు రావాలి. ఈలోగా సీడీలు అచ్చయిపోతాయి. రెండోది భాషా మార్పు. పరిశీలకుడు రాతపూర్వకంగా దోషం చూపిస్తే అక్కడికక్కడే ఫైళ్ళు మార్చవచ్చు. అయితే కొత్తగా రికార్డు చేయడానికి వీల్లేదు. మైకు దూరం, గది తేమ, మనిషి గొంతు ఏ రెండు రోజులూ ఒకేలా ఉండవు, అతుకు తెలిసిపోతుంది. అదే రోజు అదే గదిలో పలికిన మాటలు ఉండాలి. గడువు వచ్చే సోమవారం బాపట్లలో జరిగే ఆమోద సమావేశం.

ఎస్‌టీడీ బూతు నుంచి బాబూరావుకు ఫోను చేశాను. ఆ రోజు తుడిచేయమన్న మాటలు తుడిచేశావా అని అడగడానికి నోరు రాలేదు. అటూ ఇటూ తిప్పి అడిగాను.

“తుడవలేదండి. ‘గొడవ’ అని పేరు పెట్టి పక్కన ఉంచాను” అన్నాడు.

అలా ‘గొడవ’ అని రాసి ఉన్న సీడీని చేత్తో పట్టుకుని సోమవారం బాపట్ల వెళ్ళాను. శిక్షణ కేంద్రంలో సమావేశం. అధ్యక్షత వహించిన అధికారి నా కంటే చాలా పెద్ద హోదా మనిషి, నా మీద అభిమానం ఉన్నవాడు. నేను చెప్పింది విని, మూడు పిల్లలన్నా అర్థమవుతోంది కదా మాస్టారూ, ప్రమోషన్ జాబితాలో మీ పేరున్న ఏడాది సర్వీసు ఫైల్లో ఈ కాగితం ఎందుకు, అన్నాడు. నా మేలు కోరే అన్నాడు. నిజం చెప్పాలంటే, రైల్లో వస్తున్నంతసేపూ నేనూ అదే ఆలోచించాను.

మార్పు పత్రంలో ‘కారణం’ అని ఒక గడి ఉంటుంది. మొదట అందులో ‘సాంకేతిక కారణాల వల్ల’ అని రాశాను. కిరణ్ చూసి, అలా రాస్తే ఇది హైదరాబాదు వెళ్ళాల్సిందే సార్, అన్నాడు. నిబంధనల విషయంలో అతను నాకంటే ఘనుడు. ఆ మాటలు కొట్టేశాను. నా సంతకం ఉన్న జాబితా పక్కనే ఉంది, ‘భాషాదోషాలు లేవు’ అని గుండ్రటి అక్షరాలతో. తెలుగు పండితుడు ‘ముగ్గురు’ మరిచిపోయాడని తెలుగు పండితుడే రాయాలి. ఝాన్సీ అన్న ‘మూడండి’ చెవిలో మోగుతూనే ఉంది. ‘భాషాదోషం. పరిశీలకుడు గమనించలేదు’ అని రాశాను. దాని కింద ‘దోషాన్ని గుర్తించినవారు’ అని ఇంకో గడి ఉంది. అక్కడ రాజ్యలక్ష్మి, కొలకలూరు అని రాశాను. గుర్తించిన తేదీ దగ్గర ఆగస్టు వేయలేదు, రికార్డింగు జరిగిన రోజు వేశాను.

కిరణ్ అక్కడే కూర్చుని ఫైళ్ళు మార్చాడు. ఎనిమిది దగ్గర ఆగి, సార్, దీనికి రెండు ఫైళ్ళున్నాయి, ఏది పెట్టమంటారు, అన్నాడు. ‘ఎనమండుగురు’ కోసం నేను పావుగంట పోట్లాడాను. అసలు ప్రశ్నను గాలికి వదిలేసి దీన్ని పట్టుకుని వేలాడాను. ‘ఎనిమిదిమంది’ పెట్టమన్నాను.

సీడీలు మర్నాడు బడులకు వెళ్ళలేదు, ఆ ఏడు కూడా వెళ్ళలేదు. మరుసటి జూన్‌లో వెళ్ళాయి. ఆట చివర తెర మీద పేర్లు వస్తాయి. కంపెనీ పేరు, కిరణ్ పేరు, భాషా పరిశీలకుడిగా నా పేరు ఉన్నాయి. చిలక గొంతు ఎవరిదో లేదు. అడిగితే, జాబితాలో ఆ గడి పెట్టలేదు సార్ అన్నారు. ఆ మొత్తం పనిలో ఆమె పేరున్న కాగితం నా తప్పు రాసి ఉన్న కాగితం ఒక్కటే. ఆ సంగతి చెబితే రాజ్యం గారు, ఆటలో సరిగ్గా వస్తోంది కదండీ, చాలు, అన్నారు. నాకు మాత్రం అది చాలదనే ఇప్పటికీ అనిపిస్తుంది.

నాకు వివరణ కోరుతూ ఒక మెమో వచ్చింది. ప్రమోషన్ ఏడాది ఆలస్యమైంది. ఈ కాగితం వల్లనేనని ఎవరూ అనలేదు, కాదని కూడా అనలేదు. ఝాన్సీ అప్పటికి మూడో తరగతికి వెళ్ళిపోయింది, దిద్దిన ఆట ఆడలేదు. బజారులో కనబడితే మీ ఇంట్లో ఎంతమందమ్మా అని అడిగాను. ఐదుగురమండి అంది. చిలక నేర్పింది ఇంట్లో నిలవలేదు.

ఆ తర్వాత సర్వీసులో చాలా పాఠాలు, ప్రశ్నపత్రాలు, రికార్డింగులు పరిశీలించాను. ఏ పేజీ అడుగునా ‘భాషాదోషాలు లేవు’ అని మళ్ళీ రాయలేదు. ‘నేను చూసినంతవరకు కనబడలేదు’ అని రాశాను. సంతకం పెట్టే ముందు ఆ మాటలు చదవబోయే మనిషిని పిలిచి, ఇవి దేనికోసం అనుకుంటున్నారో చెప్పమని అడిగాను. ఈ ఆలస్యానికి పైవాళ్ళు విసుక్కునేవారు. ఆ ప్రశ్న ఒకసారి రాజ్యం గారు నన్నే అడిగారు, అప్పుడు విసుక్కున్నది నేను.